ఒకే పేరుకి రెండు నంబర్లు

మార్చి 4
వర్క్‌షాపు బల్ల మీద నుంచి

అన్నయ్యకి,

ఫోన్లో మొదలుపెడితే మాటా మాటా పెరిగి చివరికి ఎవరో ఒకరం పెట్టేస్తున్నాం. మొన్న ఆదివారం పెట్టేసింది నేనే, ఒప్పుకుంటున్నాను. అందుకే కాగితం తీశాను. మధ్యలో అడ్డం మాట్లాడటం దీనికి చేతకాదు.

సంగతేమిటంటే, మా వీధి చివర బట్టలు కుట్టే ఆవిడ నిన్న గుమ్మంలోకి వచ్చి, "ఏమ్మా, రిపేర్లు మానేశావా?" అని అడిగింది. అప్పుడు నా బల్ల మీద ఒక కుట్టు మిషను పొట్ట విప్పుకుని పడుంది, మోచేతుల దాకా నాకు జిడ్డే. "ఎవరన్నారు?" అన్నాను. ఆవిడ తన ఫోను నా మొహం ముందు పెట్టింది. 'సూదిమాస్టారు' అని నాన్న పేరు మీద నేను పెట్టిన సైటు. తెరిస్తే లోపల నీ షాపు! అద్దాల అలమారాలు, బారులు తీరిన తెల్ల మిషన్లు, పైన ఇంతింత అక్షరాలతో "పాత మిషనుతో ఎన్నాళ్ళు? మార్చేయండి!" అని.

నేను లోపలుండగానే ఎవరో నా షట్టరు దించేసినట్టు అనిపించింది.

నాన్న పని మానుకున్న రోజున ఏమనుకున్నాం? షాపు, కొత్త మిషన్ల అమ్మకం నీవి. ఈ ఊళ్ళో పాతవాటి రిపేరు నాది. పేరు ఇద్దరిదీ. సైటు సంగతి అడిగితే, "సైటూ గీటూ నాకెందుకు, నువ్వే పెట్టుకో" అన్నది ఎవరు? రెండేళ్ళుగా ఒక్కో పేజీ కూచుని రాశాను. బాబిన్ ఎక్కించడం, దారం బిగువు సరిచూడటం, సూది ఎందుకు విరుగుతుందో, అన్నీ. అవన్నీ ఎక్కడికి పోయాయి? నీకు సైటు కావాలంటే ఒక్క మాట అడిగితే అరిగిపోతావా?

వదిన మోకాలి నొప్పి ఎలా ఉంది? నాన్న వేళకి తింటున్నాడా? ఈ రెండిటికీ జవాబు వేరే కాగితం మీద రాయి. కోపం అంటని కాగితం మీద.

నీకు ఇంకా చెల్లెలినే అయిన
చిట్టి

*

మార్చి 10
షాపు, కౌంటరు వెనక

చిట్టీ,

నీ ఉత్తరం కౌంటరు మీద పెట్టుకుని మూడుసార్లు చదివాను. మూడోసారి చదువుతుండగా లోపలికి వచ్చిన ఒకాయన నా మొహం చూసి, "ఎవరైనా పోయారా అండీ?" అని పరామర్శించాడు.

నేను సైటు చేయించిన మాట నిజం. పక్క సందులో వెబ్‌సైట్లు చేసే ఆయన ఉన్నాడు, పోయిన నెల ఆయనకి అప్పగించాను. కానీ తల్లీ, అది తయారైనప్పట్నుంచీ నా కళ్ళతో నేను చూసుకోలేదు. షాపు కంప్యూటర్లో పేరు కొట్టడం ఆలస్యం, నీదే వస్తోంది. నీ జిడ్డు చేతులు, నీ స్క్రూడ్రైవరు, నీ "బాబిన్ ఎక్కించే పద్ధతి".

నిన్న మిషన్ల కంపెనీ నుంచి పెద్దమనిషి వచ్చాడు. "మాకూ సైటుందండీ" అని గొప్పగా స్క్రీను ఆయన వైపు తిప్పాను. "కొత్తది కొనేముందు మీ పాత మిషనుని ఒక్కసారి తెరిచి చూడండి" అని ఉంది! నా షాపులో, నా కౌంటరు మీద, కొత్త మిషన్లు పంపే మనిషికి! ఆయన అది చదివి, నన్ను చూసి, టీ తాగకుండానే లేచాడు.

నేను నీ చోట కూచున్నానని నువ్వంటావు. నువ్వు నా చోట నుంచి లేవడం లేదని నేనంటున్నాను. మనిద్దరిలో ఒకరు కళ్ళజోడు మార్చాలి.

అన్నయ్య

కోపం అంటని కాగితం దొరక్క పాత కేటలాగు వెనక రాస్తున్నాను. వదినకి మెట్లు ఎక్కడమే కష్టం, మిగతా అంతా బాగే. నాన్న వేళకి తింటున్నాడు. కిటికీ పక్క కుర్చీ ఆక్రమించి, వచ్చేపోయే కస్టమర్లందరికీ అడిగినా అడక్కపోయినా సలహాలు చెబుతున్నాడు.

*

మార్చి 17
వర్క్‌షాపు

మా మంచి అన్నయ్యకి,

పొద్దున్నే సైటు తెరిచాను. నాదే వచ్చింది! పేజీలన్నీ ఉన్నాయి, ఒక్క అక్షరం చెక్కు చెదరలేదు. సాయంత్రం మళ్ళీ చూశాను, నాదే.

నువ్వు తీసేశావన్నమాట. ఉత్తరంలో అంత ఎగిరినవాడివి వారం తిరక్కుండా తగ్గావంటే నాకు ఎలాగో ఉంది. చిన్నప్పుడు బస్సులో కిటికీ పక్క సీటు ఒక్కరోజు వదిలేవాడివి కాదే! వయసొచ్చింది నీకు. లేకపోతే వదిన చెప్పుంటుంది. ఎవరు చెప్పినా సరే, సంతోషం.

వదినకి మోకాలి పట్టీ కుట్టాను, దీంతోపాటు పంపుతున్నాను. కొత్తగా బాగుచేసిన మిషను మీద కుట్టిన మొదటి కుట్టు అది. కొంచెం వంకర పోయింది, మోకాలు కాబట్టి ఎవరూ చూడరు.

ప్రేమతో
చిట్టి

*

మార్చి 17
షాపు

చెల్లెమ్మకి,

ఈ రోజు వీధిలో అందరినీ పిలిచి చూపించాను. మందుల షాపాయన, ఫోటోల ఆయన, వాళ్ళ కుర్చీల్లో కూచున్నవాళ్ళు కూడా. నా సైటు వచ్చింది! ఎంత బాగుందనుకున్నావు! మిషను మీద వేలు పెడితే గుండ్రంగా తిరుగుతోంది.

నువ్వు పెద్దమనసు చేసుకుని తప్పుకున్నావు. ఎదురుగా ఉంటే తల నిమిరేవాణ్ణి. నిన్ను మొండిదని వదిన దగ్గర అన్న మాటలన్నీ వెనక్కి తీసుకున్నాను. ఆవిడ, "ఎందుకైనా మంచిది, రేపటిదాకా ఆగి తీసుకోండి" అంది. ఆవిడకి నీ విలువ తెలీదు.

ఇక నీ పనికి వేరే ఏదైనా మంచి పేరు చూసి పెట్టుకుందాం. నేనూ ఆలోచిస్తాను.

దీవెనలతో
అన్నయ్య

*

మార్చి 22
వర్క్‌షాపు

అన్నయ్యకి,

వేరే పేరా? నేను తప్పుకున్నానా? ఎప్పుడు, ఏ కలలో?

మన ఉత్తరాలు రెండూ దారిలో ఒకదాన్నొకటి దాటుకుంటూ పోయాయి. నువ్వు నన్ను పొగుడుతున్న రోజునే నేను నిన్ను పొగుడుతున్నాను. ఎంత నామోషీ! ఆ మోకాలి పట్టీ వదినది కాబట్టి వెనక్కి అడగను.

నీ ఉత్తరం చూశాక సైటు తెరిస్తే నీ తిరిగే మిషనే వచ్చింది. దాంతో పని పక్కన పెట్టి, మన పేరు నమోదు చేసిన కంపెనీ హెల్ప్‌లైన్‌కి ఫోన్ చేశాను. పాపం ఆవిడకి జలుబు. అయినా ముప్పావు గంట ఓపిగ్గా చెప్పింది. నాకు అర్థమైంది రాస్తున్నాను, కుదురుగా చదువు.

మనం పేరు కొడతాం. కంప్యూటర్లు ఒకదాన్నొకటి పేరుతో వెతుక్కోవు, నంబరుతో వెతుక్కుంటాయి. నా సైటున్న కంప్యూటర్‌కి ఒక నంబరు, నీదానికి ఇంకో నంబరు. 'ఈ పేరు అడిగినవాళ్ళకి ఈ నంబరు చెప్పండి' అని ఒకచోట రాసి పెడతారు. అలాంటి వరసల్ని డీఎన్ఎస్ రికార్డులంటారు. నంబరు చెప్పే వరస పేరు ఎ రికార్డు. "ఎ అంటే మొదటి రకమా అండీ? బి రికార్డు కూడా ఉంటుందా?" అని అడిగాను. ఆవిడ తుమ్మి, "కాదండీ, అడ్రస్‌లో ఎ" అంది.

ఎవరి పేరుకి ఏం రాసుందో ఎవరైనా చూడొచ్చుట. మార్చడం మాత్రం పాస్‌వర్డ్ ఉన్నవాళ్ళ వల్లే అవుతుంది. ఎక్కడ చూడాలో చెప్పింది, చూశాను. మన పేరుకి ఒక్క ఎ రికార్డు ఉండాల్సింది రెండున్నాయి! మొదటిది నా నంబరు, రెండోది నీది. ఇలా రెండుంటే ఒకరికి ఇది ముందు వస్తుంది, ఇంకొకరికి అది ముందు వస్తుంది. వచ్చిన జవాబుని మన కంప్యూటర్లు కాసేపు గుర్తు కూడా పెట్టుకుంటాయిట. ఎంతసేపన్నది ఆ వరసలోనే ఉంటుంది, దాన్ని టీటీఎల్ అంటారు. అంటే 'బతికుండే కాలం' అని ఆవిడ చెప్పగానే నా ప్రాణం పోయినంత పనైంది. మనదానికి గంటే ఉంది మరి! "సైటుకి కాదండీ, ఆ జవాబుకి" అంది.

అందువల్ల ఒక పూట నీకు నేను, నాకు నువ్వు. ఇంకో పూట ఎవరిది వాళ్ళకి. మనం చూసిందంతా నిజమే. ఎవరి కళ్ళజోడూ మార్చక్కర్లేదు.

కానీ ఆ రెండో వరస తనంతట తాను నడిచొచ్చి కూచోలేదు కదా? నా నంబరు కింద నీ నంబరు రాసింది ఎవరు? నువ్వు కాక ఇంకెవరు?

జవాబు కోసం చూస్తుంటాను. ఈసారి దీవెనలు వద్దు.

చిట్టి

*

మార్చి 30
ఇల్లు, వంటింటి బల్ల

చిట్టీ,

షాపులో రాయలేక ఇంటికొచ్చి రాస్తున్నాను.

ముందు ఒక మాట. నా దగ్గర పాస్‌వర్డ్ లేదు. పేరు నాన్న నమోదు చేయించాడు, పాస్‌వర్డ్ నాన్న బుర్రలో ఉంది. నీ సైటు నంబరు కూడా రెండేళ్ళ కిందట నువ్వు ఫోన్లో చెబుతుంటే ఆయనే రాశాడు, గుర్తుందా? నీ ఉత్తరం తీసుకెళ్ళి నాన్నకి చదివి వినిపించాను. అంతా విని తాపీగా, "అవును, నేనే రాశాను" అన్నాడు.

"ఎందుకు నాన్నా?"

"మీ వెబ్‌సైటు ఆయన వచ్చి చీటీ ఇచ్చాడుగా. పాత నంబరు తీసేసి ఈ నంబరు పెట్టండి అన్నాడు. కొత్తది పెట్టాను."

"మరి పాతది?"

నాన్న కుర్చీ కిటికీ వైపు తిప్పుకున్నాడు. "అమ్మాయిది తీసెయ్యడానికి చెయ్యి రాలేదురా. అది తీయకపోయినా ఏమీ గోల పెట్టలేదు ఆ కంప్యూటరు. పక్కన ఇంకోటి చేర్చు అని మీట కూడా ఉంది. చేర్చాను. ఇద్దరూ ఉంటారులే అనుకున్నాను."

ఇంక నా సంగతి. ఆ వెబ్‌సైటు ఆయన చీటీ నాన్నకిచ్చే ముందు నన్ను అడిగాడు. "ఈ పేరుకి ముందే ఏదో పాత సైటు ఉంది సార్, తీసేద్దామా?" అని. నేను కేటలాగు చూస్తూ "సరే" అన్నాను. పాత సైటంటే ఏది, ఎవరిది అని అడగలేదు. అడిగితే నీదని చెబుతాడని తెలుసు కాబట్టే అడగలేదు. ఇది రాయడానికే ఇంటికొచ్చాను.

ఇంకోటి కూడా చెప్పాలి. గురువారం ఒకావిడ ఆటోలో పాత మిషను వేసుకుని షాపుకొచ్చింది. కాలితో తొక్కే రకం, నల్లటిది. "ఇక్కడ బాగుచేస్తారని సైటులో చదివాను" అంది. నా ఫోన్ నంబరు, మా వీధి చూసి వచ్చింది, చదివింది మాత్రం నీ పేజీ! "మేము రిపేర్లు చేయమండీ, మార్చి కొత్తది ఇస్తాం" అన్నాను. ఆవిడ సంచిలోంచి కాగితాలు తీసింది. నీ పేజీలు అచ్చు వేయించి తెచ్చుకుంది. కింద గీతలు కూడా గీసుకుంది. "ఇందులో ఉన్నట్టు ఇంటి దగ్గర అంతా చేశాను, కింద బాబిన్ కూచునే షటిల్ ఊడి రాక అక్కడ ఆగిపోయాను" అంది.

ఏం చెయ్యను? స్టూలు లాక్కుని కూచున్నాను. ఆవిడ చదువుతుంటే నేను విప్పాను. రెండేళ్ళలో నీ సైటు మొదటి నుంచి చివరి దాకా నేను విన్నది ఆ రోజే. 'బలవంతం చేయకండి, రానిదంటూ ఉంటే మనం తిప్పేది తప్పు వైపని అర్థం' అని రాశావే, అది నాన్న మన నెత్తి మీద మొట్టి చెప్పిన మాట. నాకు నవ్వొచ్చింది, తర్వాత నవ్వు ఆగిపోయింది. షటిల్ మాత్రం రాలేదు. పదేళ్ళయింది నేను స్క్రూడ్రైవరు పట్టి. ఆవిడ మిషను నా దగ్గరే వదిలి వెళ్ళింది, "మీ చెల్లెలికి పంపండి" అని.

నాన్నని ఇప్పుడు ఏ వరస తీయమన్నా తీయనంటున్నాడు. "ముందు మీరిద్దరూ ఒక మాట మీదకి రండి. ఆ తర్వాత ఏం రాయమంటే అది రాస్తాను" అని భీష్మించుకు కూచున్నాడు.

నువ్వేం చెబితే అది.

అన్నయ్య

*

ఏప్రిల్ 7
వర్క్‌షాపు

అన్నయ్యకి,

నీ "సరే" దగ్గర మూడు రోజులు ఆగిపోయాను. చదివిన రోజు ఉత్తరం మడిచి స్క్రూల డబ్బా కింద పెట్టేశాను. మర్నాడు తీసి, ఆ ముక్క దాకా చదివి మళ్ళీ పెట్టేశాను. మా ఆయన చూసి చూసి, "అతను రాయకపోతే నీకెప్పటికీ తెలిసేది కాదు కదా" అన్నాడు. అది నిజమే. నువ్వు నాన్న మీదకి తోసేసి ఊరుకోవచ్చు. ఊరుకోలేదు.

కాబట్టి ఆ సంగతి అయిపోయింది. మళ్ళీ ఎత్తను. ఎత్తినా ఏడాదికి ఒక్కసారే.

ఇప్పుడు పని. జలుబు ఆవిడకి మళ్ళీ ఫోన్ చేశాను. జలుబు తగ్గింది, నన్ను గుర్తుపట్టింది కూడా. "రెండు ఎ రికార్డుల అన్నాచెల్లెళ్ళా?" అంది. వాళ్ళ ఆఫీసంతా మన కథ తెలిసినట్టుంది.

ఒకే పేరు ముందు చిన్న మాట తగిలించి, దానికి వేరే వరస రాసుకోవచ్చుట. 'కొత్త' అని తగిలిస్తే నీ నంబరుకి, 'పాత' అని తగిలిస్తే నా నంబరుకి. ఉత్త పేరు కొట్టినవాళ్ళకి ఒక చిన్న పేజీ చాలు. నాన్న ఫోటో, కింద రెండు బొత్తాలు: 'కొత్త మిషను కావాలి', 'పాత మిషను నడవాలి'. ఆ పేజీ నా దగ్గర పెడతాను, కాబట్టి ఉత్త పేరుకి నా నంబరు ఒక్కటే ఉంటుంది. దీనికి నువ్వు గింజుకుంటావని తెలుసు. మొదటి బొత్తం నీదే ఉంచుతున్నాను. తూకం సరిపోయిందా?

నాన్న రాయాల్సిన మూడు వరసలూ వేరే కాగితం మీద పెద్ద అక్షరాలతో పెట్టాను. చుక్కలు జాగ్రత్త. ఒక్క చుక్క పోయినా జనం ఇంకెవరింటికో పోతారు. ఎమ్మెక్స్ అని ఇంకో వరస కనిపిస్తుంది, దాన్ని ముట్టుకోవద్దని చెప్పు. మెయిళ్ళు ఎక్కడికి రావాలో చెప్పే వరస అది. తీసేశారంటే నీ ఆర్డర్ మెయిళ్ళన్నీ దారి తప్పుతాయి.

నీ షాపుకొచ్చిన ఆవిడ మిషను పంపు. షటిల్‌ని ఎవరూ కదపకండి, నువ్వు అసలు కదపకు.

చిట్టి

*

ఏప్రిల్ 14
షాపు

చిట్టీ,

అయిపోయింది. నాన్న కళ్ళజోడు తుడుచుకుని, చొక్కా మార్చుకుని మరీ కూచున్నాడు. ఒక్కో చుక్కా పైకి చదువుతూ కొట్టాడు. చివరికి ఉత్త పేరుకున్న నా నంబరు తీయాల్సి వచ్చినప్పుడు నా వైపు తిరిగి, "తీయనా?" అన్నాడు. "తియ్యి నాన్నా" అన్నాను. "నీది కింద ఉందిగా, ఎక్కడికీ పోదు" అని నన్ను సముదాయించి మరీ తీశాడు.

వెంటనే పేరు కొట్టి చూస్తే నా సైటే వచ్చింది. నాన్న కంగారుపడ్డాడు. "గంట ఆగాలి నాన్నా, పాత జవాబు ఇంకా గుర్తుంటుంది" అన్నాను. పక్కనున్న మందుల షాపాయనకి టీటీఎల్ గురించి పూర్తిగా విడమరిచి చెప్పాను కూడా. నువ్వు రాసిన ముక్కలే, నావన్నట్టు చెప్పాను. గంట గడిచాక కొడితే నాన్న ఫోటో వచ్చింది. ఆయన తన మొహాన్ని చాలాసేపు చూసుకుని, "ఈ ఫోటోలో నేను తుమ్మబోతున్నట్టున్నాను, మార్చమను" అన్నాడు.

మొదటి బొత్తం నొక్కాను, నా షాపు. రెండోది నొక్కాను, నీ జిడ్డు చేతులు. పది పన్నెండుసార్లు అటూ ఇటూ నొక్కాను, షాపుకి ఎవరూ రాలేదు కాబట్టి.

మిషను లారీలో పంపడానికి మనసొప్పలేదు. శనివారం నేనే తెస్తున్నాను. నాన్న కూడా వస్తానంటున్నాడు, కొన్నాళ్ళు అక్కడుంటాడుట. నాకొక స్టూలు, ఒక స్క్రూడ్రైవరు తీసి ఉంచు. ఆ షటిల్ నువ్వెలా తీస్తావో చూడాలి.

అన్నయ్య

*

మే 3
వర్క్‌షాపు

అన్నయ్యకి,

నువ్వు వెళ్ళిన మర్నాడే ఆ నల్ల మిషను ఆవిడ ఇంత దూరం వచ్చి మిషను తీసుకెళ్ళింది. తొక్కి చూసి, తల పక్కకి వంచి చప్పుడు విని, నన్ను వాటేసుకుంది. షటిల్ తీసింది నువ్వని చెప్పాను. నేను ఇంకో పది నిమిషాల్లో తీసేదాన్నే అనుకో. నువ్వు స్టూలు మీద నుంచి లేచి అరిచిన అరుపుకి ఎదురింటివాళ్ళు ఇప్పటికీ అడుగుతున్నారు, ఏం జరిగిందని.

ఇంకో వార్త. నాన్న తన పేరు మీద సొంత మెయిల్ కావాలన్నాడు. సూదిమాస్టారికి 'సూదిమాస్టారు' పేరుతో మెయిల్ లేకపోతే ఎలా అని వాదన. ఎమ్మెక్స్ వరస ఎటూ ఉంది కాబట్టి పెట్టె ఒకటి తెరిచి, ఆ చిరునామా మొదటి పేజీలో ఫోటో కింద రాశాను. 'సందేహాలుంటే అడగండి' అని ఒక ముక్క కూడా చేర్చాను. అదే నేను చేసిన పొరపాటు.

రెండో రోజు ఎవరో రాశారు, "మా మిషను కుట్టు వదిలేస్తోంది. మార్చి కొత్తది తీసుకోవాలా, బాగుచేయించాలా?" అని. ఇదే కదా మనకి కావాల్సింది! అటు నీకో ఇటు నాకో. నాన్న ఒక్కో అక్షరం వెతుక్కుంటూ జవాబు కొట్టాడు. నేను వెనక నిలబడి చదివాను. "రెండూ వద్దు. సూది తిరగేసి పెట్టి ఉంటారు. తిప్పి పెట్టండి. రెండు చుక్కలు నూనె వేయండి" అని ఉంది.

సాయంత్రానికి మళ్ళీ మెయిలొచ్చింది. మిషను నడుస్తోందిట, నాన్నకి వెయ్యి దండాలుట.

అప్పట్నుంచి ఇదే వరస. నిన్నటికి పదకొండు మంది. నాలుగు మిషన్లకి సూది తిరగేసి ఉంది, ఆరింటికి నూనె లేదు, ఒకదానికి అసలు ప్లగ్గే పెట్టలేదు. ఒక్కటీ నా బల్ల దాకా రాలేదు, నీ కౌంటరు దాకా రాలేదు. పొద్దున్నే లేచి, మొహం కడుక్కుని, "ఈ రోజు ఎంతమంది రాశారో" అంటూ కంప్యూటర్ ముందుకొచ్చేస్తున్నాడు. ఇంత హుషారుగా ఆయన్ని నేను షాపు రోజుల్లో కూడా చూడలేదు.

ఉండబట్టలేక ఇవాళ అడిగేశాను. "నాన్నా, ఇలాగైతే మా ఇద్దరి షాపులూ మూసుకోవాల్సిందే!"

తల కూడా ఎత్తలేదు. "మూసేసి రండి" అన్నాడు, "ఉత్తరాలు ఎక్కువైపోతున్నాయి, నాకు ఇద్దరు మనుషులు కావాలి."

చిట్టి